తుపాకీ దించిన పిల్లలు మళ్ళీ మనుషుల్లో కలవాలంటే

పశ్చిమ ఆఫ్రికాలోని సియెర్రా లియోన్‌లో అంతర్యుద్ధం నడిచిన రోజుల్లో ఆర్‌యూఎఫ్ (రివల్యూషనరీ యునైటెడ్ ఫ్రంట్) తిరుగుబాటుదారులు ఒక ఊరిమీద పడితే పిల్లల్ని ఎత్తుకుపోవడంతో ఊరుకునేవాళ్ళు కాదు. చాలాసార్లు ఆ ఎత్తుకుపోయే పిల్లాడి చేతికే తుపాకో కత్తో ఇచ్చి సొంత ఊరివాళ్ళని, ఒక్కోసారి సొంత చుట్టాలని, ఊరంతా చూస్తుండగా చంపించేవాళ్ళు. కొంతమంది పిల్లల ఛాతీమీద తమ దళం పేరులోని అక్షరాలు బ్లేడుతో చెక్కేవాళ్ళు. ఇదంతా వట్టి పైశాచికత్వం అనుకుని వదిలేస్తే అసలు సంగతి తప్పిపోతుంది. దీని వెనక పక్కా లెక్క ఉంది. సొంత ఊళ్ళో నెత్తురు పారించిన పిల్లాడు పారిపోయి ఎక్కడికి వెళ్తాడు? ఒంటిమీద ఆ అక్షరాలున్నవాడు ప్రభుత్వ సైనికుల కంటబడితే బతుకుతాడా? ఇంటిదారి మూసుకుపోయాక ఇక కమాండరే తండ్రి, దళమే ఇల్లు.

పిల్లల మనసు దేనిమీద నిలబడి ఉంటుందో ఆ కమాండర్లకు బాగా తెలుసు కాబట్టే దాన్నే పట్టుకుని విరిచారు. మరి ఆ గాయం మానాలన్నా అక్కడినుంచే మొదలుపెట్టాలి. యుద్ధం చూసిన పిల్లల మాట వచ్చినప్పుడల్లా "కౌన్సెలింగ్ ఇప్పించాలి" అని అందరం అనేస్తాం. కౌన్సెలింగ్ కావాలి, కొందరికి అది లేకపోతే కుదరదు కూడా. కానీ సియెర్రా లియోన్, మొజాంబిక్, ఉగాండా లాంటి చోట్ల ఏళ్ళ తరబడి ఈ పిల్లల వెంట ఉన్నవాళ్ళు చూసి చెప్పినవన్నీ కలిపి చదివితే ఒక విషయం మళ్ళీ మళ్ళీ ఎదురవుతుంది. యుద్ధంలో పిల్లాడు ఏం చూశాడు, ఏం చేశాడు అన్నది ఎంత ముఖ్యమో, తిరిగొచ్చాక ఇల్లు, ఊరు, బడి వాడితో ఎలా మెలిగాయన్నదీ అంతే ముఖ్యం, కొన్ని విషయాల్లో అంతకన్నా ఎక్కువ. జరిగిపోయినదాన్ని ఎవరూ మార్చలేరు, తర్వాత జరిగేది మాత్రం పెద్దవాళ్ళ చేతుల్లో ఉంటుంది. అందుకే ఈ సంగతి వివరంగా మాట్లాడుకోవాలి.

ముందు కాస్త నేపథ్యం. 1991 మార్చిలో ఫోడే సాంకో నాయకత్వంలోని ఆర్‌యూఎఫ్ లైబీరియా సరిహద్దు దాటి వచ్చి మొదలుపెట్టిన ఆ యుద్ధం 2002 జనవరి దాకా సాగింది. వజ్రాల గనులు దానికి ఇంధనం పోశాయి. దాదాపు 50 వేలమంది చనిపోయారని అంచనా. పిల్లల్ని వాడుకున్నది ఆర్‌యూఎఫ్ ఒక్కటే కాదు, ప్రభుత్వం తరఫున పోరాడిన దళాలు కూడా వాడుకున్నాయి. మన దేశానికీ ఇందులో ఒక ముడి ఉంది. 2000లో ఐక్యరాజ్యసమితి శాంతి సేనకు మేజర్ జనరల్ విజయ్ జెట్లీ కమాండర్‌గా ఉన్నప్పుడు కైలాహున్‌లో ఆర్‌యూఎఫ్ ముట్టడిలో చిక్కిన భారత సైనికుల్ని జులైలో ఆపరేషన్ ఖుక్రీతో బయటికి తెచ్చారు. వాళ్ళని చుట్టుముట్టిన ఆ దళంలో పిల్లలు పెద్ద సంఖ్యలో ఉండేవాళ్ళు.

యుద్ధం ముగింపులో నిరాయుధీకరణ, అంటే దళాలచేత ఆయుధాలు కింద పెట్టించే పని, జరిగినప్పుడు దాదాపు 7 వేలమంది పిల్లలు అధికారికంగా లెక్కలోకి వచ్చారు. వాళ్ళని పెద్ద సైనికులనుంచి వెంటనే విడదీసి తాత్కాలిక సంరక్షణ కేంద్రాలకు పంపారు. అక్కడ మొదటి రోజులు ఎలా ఉండేవో ఊహించడం కష్టమేమీ కాదు. కొందరికి మత్తుమందులు అలవాటు చేశారు, అవి ఒక్కసారిగా ఆగిపోయాయి. నిన్నటిదాకా ఆర్డర్లు వేసిన పదమూడేళ్ళ కుర్రాణ్ణి ఈరోజు అన్నానికి లైన్లో నిలబడమంటే కొట్లాటకు దిగేవాడు. కేంద్రాల్లో పనిచేసినవాళ్ళు చేసిందల్లా పైకి చాలా మామూలుగా కనిపించే పని: వేళకు లేవడం, వేళకు తినడం, ఆటలు, కాస్త చదువు, పడుకునే ముందు ఎవరో ఒకరు పలకరించడం. దళంలో ఎప్పుడేం జరుగుతుందో తెలియని బతుకు బతికి వచ్చిన పిల్లాడికి రేపు పొద్దున ఏం జరుగుతుందో ముందే తెలిసి ఉండటమే పెద్ద ఊరట. ఈలోగా ఇంకోపక్క తల్లిదండ్రుల వేట సాగేది. పిల్లల వివరాలు పట్టుకుని సిబ్బంది ఊరూరా, శరణార్థి శిబిరాల్లో తిరిగి అమ్మనో నాన్ననో, వాళ్ళు లేకపోతే పిన్నినో, మేనమామనో, తాతనో వెతికి పట్టుకునేవాళ్ళు. ఈ పని ఎప్పుడూ వార్తల్లోకి రాదు. కానీ మొత్తం వ్యవహారంలో దీనికి మించిన చికిత్స లేదనిపిస్తుంది.

ఇక్కడ కొంచెం ఆగి, ఆ పిల్లల లోపల ఏం జరుగుతుందో చూడాలి. ప్రమాదం వచ్చినప్పుడు మెదడులో ఒక అలారం మోగుతుంది, గుండె వేగం పెరుగుతుంది, ఒళ్ళు పరిగెత్తడానికో తిరగబడడానికో సిద్ధమైపోతుంది. ప్రమాదం పోయాక అది ఆగిపోవాలి. నెలల తరబడి, ఏళ్ళ తరబడి ప్రమాదం మధ్యే బతికిన పిల్లల్లో ఆ అలారం ఆగడం మర్చిపోతుంది. తలుపు గట్టిగా పడితే చాలు ఒణికిపోతారు, నిద్రలో కేకలు పెడతారు, క్లాసులో టీచరు చెప్పేది చెవికెక్కదు, ఎందుకంటే ధ్యాసంతా ప్రమాదం ఎటునుంచి వస్తుందా అన్నదానిమీదే ఉంటుంది. వయసును బట్టి ఇది వేరువేరుగా బయటపడుతుంది. మూడు నాలుగేళ్ళ పిల్లలు అమ్మ కొంగు వదలరు, ఎప్పుడో మానేసిన పక్క తడపడం మళ్ళీ మొదలవుతుంది, వచ్చిన మాటలు కూడా పోతాయి. కాస్త పెద్దవాళ్ళు జరిగిందాన్నే ఆటలో మళ్ళీ మళ్ళీ ఆడతారు, అందులో సరదా ఏమీ ఉండదు, ఆటకు ముగింపూ ఉండదు. టీనేజీవాళ్ళు కోపంగానో, మొద్దుబారిపోయినట్టో, ప్రాణాలంటే లెక్కలేనట్టో కనిపిస్తారు. బడిలో వీళ్ళకి "మొండివాడు", "చదువు రానివాడు" అని పేరు పడుతుంది. ఆ పేరు పడ్డాక దెబ్బలు పడతాయి, దెబ్బలకు అలారం ఇంకా గట్టిగా మోగుతుంది. ఈ సుడిగుండాన్ని పెద్దవాళ్ళే తిప్పుతుంటారు, తిప్పుతున్నామని వాళ్ళకు తెలియదు, అంతే.

ఇంటికి చేరడం అంటే తల్లి పరిగెత్తుకొచ్చి కావలించుకునే సీనే అందరికీ గుర్తొస్తుంది. అది జరిగింది కూడా. కానీ మర్నాడు? పక్కింటివాళ్ళ కొడుకుని చంపిన దళంలో ఈ పిల్లాడూ ఉన్నాడని ఊరికి తెలుసు. బావి దగ్గర మాటలు ఆగిపోతాయి. చిన్న తగాదా వచ్చినా "రెబెల్" అనే మాట వచ్చేస్తుంది. ఊరివాళ్ళకు కోపం ఉండటంలో తప్పేమీ లేదు, నిజంగా నష్టపోయింది వాళ్ళే, వాళ్ళకీ ఎవరో ఓదార్పు చెప్పాల్సింది. ఆ ముడి విప్పడానికి చాలా ఊళ్ళు తమకు తెలిసిన దారినే వెళ్ళాయి. తిరిగొచ్చిన బిడ్డ కోసం ఇంట్లో పెద్దలు ఒక గిన్నెడు చన్నీళ్ళమీద ప్రార్థన చేసి, ఆ నీళ్ళని బిడ్డ తలకీ, పాదాలకీ, గుండెలమీదా రాసేవాళ్ళు. ఉడుకెత్తిన గుండె చల్లబడాలని ఆ ప్రార్థన. దళాల చేతుల్లో లైంగిక హింసకు గురైన ఆడపిల్లల కోసం కొన్నిచోట్ల మూలికలతో స్నానం చేయించి, కొత్త బట్టలు కట్టి, పాటలతో ఊళ్ళోకి తీసుకొచ్చేవాళ్ళు.

మొజాంబిక్‌లో జరిగిన ఇలాంటి క్రతువుల గురించి అల్సిందా హొన్వానా అనే మానవ శాస్త్రవేత్త వివరంగా రాశారు. అందులో ఒకటి చూడండి. పిల్లాడు దళం శిబిరంనుంచి వేసుకొచ్చిన మురికి బట్టలతోనే ఒక చిన్న గడ్డి గుడిసెలోకి వెళ్తాడు. లోపల ఆ బట్టలు విప్పేస్తాడు. గుడిసెకు నిప్పు పెడతారు, ఒక పెద్దమనిషి పిల్లాణ్ణి బయటికి తీస్తాడు. గుడిసె, బట్టలు, వాటిని అంటిపెట్టుకుని ఉందనుకునే చెడంతా కాలి బూడిదవుతుంది. ఆ తర్వాత మూలికల నీళ్ళు, ధూపం. మొత్తం తంతులో ఎక్కడా పిల్లాణ్ణి "నువ్వేం చేశావో చెప్పు" అని ఎవరూ అడగరు. పట్నంలో చదువుకున్న డాక్టరుకి ఇది మూఢనమ్మకంలా అనిపించొచ్చు. కానీ ఇది ఏం పని చేస్తుందో గమనించండి: నిన్నటివాడు వేరు, ఈరోజు మన ముందు నిలబడ్డవాడు వేరు అని ఊరంతటికీ ఒకేసారి, కళ్ళముందు చెబుతుంది. వాడి మనసుకి ఎంత మందో, ఊరి మనసుకీ అంతే మందు. గది తలుపు మూసి ఒక్కడికే చేసే కౌన్సెలింగ్‌కు ఈ రెండోది చేతకాదు.

అలాగని క్రతువులన్నీ మంచివేనని కళ్ళకద్దుకోనక్కర్లేదు. ఆడపిల్లకు మాత్రమే "శుద్ధి" కావాలని, మగపిల్లాడికి అక్కర్లేదని అనే చోట, పిల్ల ఒంటికి హాని చేసే తంతు ఉన్న చోట పిల్లల పక్షాన నిలబడాలి తప్ప ఆచారం పక్షాన కాదు.

మొజాంబిక్‌లోనే ఇంకో గట్టి సాక్ష్యం ఉంది. 1988లో రెనామో తిరుగుబాటుదారుల చేతుల్లోంచి బయటపడ్డ 39 మంది మగపిల్లల్ని మపూటో నగరంలోని లాంగెనే కేంద్రంలో ఉంచారు. కొన్ని నెలల తర్వాత వాళ్ళని వెతికిపట్టుకున్న కుటుంబాలకు అప్పగించారు. నీల్ బూత్‌బీ అనే మనస్తత్వ శాస్త్రవేత్త బృందం ఆ పిల్లల్ని 16 ఏళ్ళపాటు వదలకుండా గమనించింది. చాలామంది పెళ్ళిళ్ళు చేసుకున్నారు, ఇళ్ళు కట్టుకున్నారు, పొలం పనులో మరో పనో చేసుకుంటున్నారు, తమ పిల్లల్ని బడికి పంపుతున్నారు. ఊళ్ళో ఇరుగుపొరుగు ఎలా ఉన్నారో వీళ్ళూ అలాగే ఉన్నారు. జ్ఞాపకాలు పోయాయా అంటే పోలేదు. ఏ శబ్దం, ఏ చోటు ఆ జ్ఞాపకాల్ని రేపుతుందో తెలుసుకుని దానికి దూరంగా ఉండటం, మనసు బాగోలేనప్పుడు భార్య దగ్గరికో స్నేహితుల దగ్గరికో చర్చికో వెళ్ళడం, పనిలో పడిపోవడం, ఇవీ వాళ్ళు పట్టుకున్న ఉపాయాలు. అయితే ఇదే అధ్యయనంలో ఒక చేదు నిజం కూడా ఉంది. దళంలో ఆరు నెలల లోపు ఉన్న పిల్లలు తమని తాము బాధితులుగా చెప్పుకున్నారు. ఏడాది, ఆపైన ఉన్నవాళ్ళు తాము దళం మనుషులమేనని చెప్పుకున్నారు, పెద్దయ్యాక ఎక్కువ ఇబ్బంది పడింది కూడా వీళ్ళలోవాళ్ళే. పిల్లల్ని బయటికి తేవడంలో ఒక్కో నెల ఆలస్యానికీ ఒక ధర ఉంది. "ముందు శాంతి ఒప్పందం కుదరనివ్వండి, పిల్లల సంగతి తర్వాత చూద్దాం" అనేవాళ్ళకి చూపించాల్సిన సంగతి ఇది.

సియెర్రా లియోన్‌లో థెరీసా బెటన్‌కోర్ట్ అనే పరిశోధకురాలు 2002లో మొదలుపెట్టిన అధ్యయనం ఇంకా లోతుకి వెళ్ళింది. దళాల్లో పనిచేసి వచ్చిన పిల్లల్ని, యుద్ధ ప్రాంతాల్లోని ఇతర పిల్లల్ని కలిపి 500 మందికి పైగా ఏళ్ళ తరబడి మళ్ళీ మళ్ళీ కలుసుకుంటూ వచ్చారు. అత్యాచారానికి గురైన పిల్లలు, చంపడమో గాయపరచడమో చేసిన పిల్లలు ఎక్కువ బాధపడ్డారు, ఇది ఊహించిందే. ఊహించనిది ఏమిటంటే, ఆ బాధలో చెప్పుకోదగ్గ భాగం యుద్ధంనుంచి నేరుగా రాలేదు, తిరిగొచ్చాక ఊళ్ళో ఎదురైన వెలివేతనుంచి వచ్చింది. తిట్లు, అనుమానపు చూపులు, ఆటలో చేర్చుకోకపోవడం ఎక్కడ ఎక్కువగా ఉన్నాయో అక్కడ కోపం, దిగులు ముదిరాయి. ఊరు దగ్గరకు తీసుకున్నచోట, ఇంట్లో ఎవరో ఒకరు వెన్నుదన్నుగా నిలబడ్డచోట, బడి మానకుండా సాగినచోట, ఎంతో భయంకరమైనవి చూసిన పిల్లలు కూడా కోలుకున్నారు. పిల్లాడి తలలో మాత్రమే రోగాన్ని వెతికేవాళ్ళు ఈ ఫలితాన్ని పదిసార్లు చదవాలి.

బడి విషయంలో సియెర్రా లియోన్‌లో ఒక తెలివైన పని జరిగింది. తిరిగొచ్చిన పిల్లలకు మాత్రమే పుస్తకాలు, ఫీజులు ఇస్తే మిగతా తల్లిదండ్రులు ఏమంటారు? "మా పిల్లలు ఏ పాపం చేయలేదు, వాళ్ళకేమీ లేదు, తుపాకీ పట్టినవాడికి బహుమానమా?" అని అడుగుతారు, అడిగారు కూడా. దాంతో యూనిసెఫ్ సాయంతో నడిచిన పథకంలో, ఈ పిల్లల్ని చేర్చుకున్న బడికి మొత్తం బడి వాడుకునేలా సామాన్లు ఇచ్చారు. ఆ పిల్లాడు రావడంవల్ల బడికి బల్లలో పుస్తకాలో వస్తే, వాడు వచ్చినందుకు మిగతావాళ్ళకు ఏడుపు ఉండదు. చదువు మధ్యలో ఆగిపోయి వయసు దాటిపోయినవాళ్ళ కోసం ఆరేళ్ళ ప్రాథమిక చదువుని మూడేళ్ళకు కుదించిన క్లాసులు పెట్టారు. మీసాలొచ్చిన కుర్రాణ్ణి ఆరేళ్ళ పిల్లల పక్కన కూర్చోబెడితే వాడు రెండో రోజు రాడని ఎవరో ఒకరు ముందే ఆలోచించబట్టి ఇది జరిగింది. మనసుకు సంబంధించిన వైద్యంగా వీటిని ఎవరూ లెక్కవేయరు, కానీ ఆ కుర్రాడికి "నాకూ ఒక రేపు ఉంది" అనిపించింది ఇక్కడే.

ఆడపిల్లల విషయంలో మాత్రం ఘోరంగా విఫలమయ్యారు. దళాల్లో ఆడపిల్లలు వేలల్లో ఉన్నారు, వంట చేశారు, బరువులు మోశారు, తుపాకులూ పట్టారు, కమాండర్లకు బలవంతపు "భార్యలు" అయ్యారు. కానీ నిరాయుధీకరణలో నమోదైన పిల్లల్లో అమ్మాయిలు నూటికి పదిమంది కూడా లేరు. చాలాచోట్ల తుపాకీ తెచ్చి అప్పగిస్తేనే పేరు రాసుకునేవాళ్ళు. తుపాకీ కమాండరు దగ్గర ఉండేది, అమ్మాయీ కమాండరు దగ్గరే ఉండిపోయింది. బయటపడ్డవాళ్ళు కూడా చంకలో బిడ్డతో ఊరికి వెళ్తే ఏమంటారోనని పట్నాల్లో తలదాచుకున్నారు. ఆ బిడ్డల్ని "రెబెల్ బిడ్డలు" అన్నారు. బలవంతపు పెళ్ళి మానవాళిపై నేరమని, ఆ యుద్ధంలో జరిగిన నేరాల్ని విచారించడానికి పెట్టిన సియెర్రా లియోన్ ప్రత్యేక కోర్టు 2008లో తేల్చింది. పిల్లల్ని సైనికులుగా వాడుకున్నందుకు అంతర్జాతీయ స్థాయిలో మొట్టమొదటి శిక్షలు వేసింది కూడా ఈ కోర్టే, 2007లో. పద్దెనిమిదేళ్ళ లోపు వయసులో నేరాలు చేసినవాళ్ళని విచారించబోనని ఆ కోర్టు ప్రాసిక్యూటర్ డేవిడ్ క్రేన్ ముందే ప్రకటించారు. ఈ నిర్ణయాల విలువ జైలు శిక్షల లెక్కల్లో కనిపించదు. తప్పు పెద్దవాళ్ళదని ఒక కోర్టు అధికారికంగా చెప్పడం, తప్పంతా తనదేనని కుమిలిపోయే పిల్లకి ఎంత అవసరమో చెప్పనక్కర్లేదు.

ఇంత చెప్పాక కూడా కొంతమంది పిల్లలు మిగిలిపోతారు. ఇల్లుంది, బడి ఉంది, ఊరూ ఏమీ అనడంలేదు, అయినా రాత్రిళ్ళు అదే దృశ్యం, పగలు అదే మొద్దుతనం. వీళ్ళకి పద్ధతిగా చేసే చికిత్స కావాలి, మంచి చికిత్సలున్నాయి కూడా. జర్మనీలోని కాన్‌స్టాంజ్ విశ్వవిద్యాలయం వాళ్ళు రూపొందించిన ఒక పద్ధతిలో మొదటిరోజు పిల్లాడి ముందు నేలమీద ఒక తాడు పరుస్తారు. ఆ తాడే వాడి జీవితం. ఒక కొస పుట్టిన రోజు, ఇంకో కొస చుట్టచుట్టి ఉంటుంది, అది ఇంకా రావాల్సిన రోజులు. మంచి జరిగినచోట ఒక పువ్వు పెట్టమంటారు, చెడు జరిగినచోట ఒక రాయి. పిల్లాడు రాళ్ళతోనే మొదలుపెడతాడేమో, కానీ అమ్మమ్మ ఇంటి దగ్గర, మొదటిసారి బంతాట గెలిచినచోట పువ్వులు కూడా చేరతాయి. తన జీవితంలో రాళ్ళు మాత్రమే లేవని కళ్ళతో చూసుకుంటాడు. తర్వాతి రోజుల్లో పుట్టుకనుంచి మొదలుపెట్టి వరసగా ఒక్కో రాయి దగ్గర ఆగుతారు. అప్పుడు ఏం కనిపించింది, ఏ వాసన వచ్చింది, ఒంట్లో ఎలా అనిపించింది, ఇప్పుడు చెబుతుంటే ఎలా ఉంది అని నెమ్మదిగా అడుగుతారు. ఇలా ఎందుకంటే, భయంలో పడిన జ్ఞాపకానికి తేదీ, చోటు ఉండవు. అది ముక్కలు ముక్కలుగా ఉండి, ఇప్పుడే జరుగుతున్నట్టు మీద పడుతుంది. వరసలో పెట్టి చెప్పగలిగితే అది "అప్పుడు, అక్కడ జరిగింది" అవుతుంది. చెప్పిందంతా రాసి, పిల్లాడికి చదివి వినిపించి, చివరికి ఆ కాగితాలు వాడి చేతికే ఇస్తారు.

ఉత్తర ఉగాండాలో ఎల్‌ఆర్‌ఏ (లార్డ్స్ రెసిస్టెన్స్ ఆర్మీ) అనే తిరుగుబాటు దళంనుంచి తిరిగొచ్చిన 85 మంది కుర్రకారుతో చేసిన పరీక్ష 2011లో అచ్చయింది. ఈ పద్ధతిలో ఎనిమిది సార్లు కూర్చున్నవాళ్ళు మిగతావాళ్ళకన్నా స్పష్టంగా మెరుగయ్యారు. అన్నిటికన్నా ముఖ్యం, చికిత్స చేసినవాళ్ళు డాక్టర్లు కారు, శిక్షణ పొందిన స్థానికులు. సియెర్రా లియోన్ లాంటి దేశానికి ఇది ప్రాణం లేచొచ్చే మాట, ఎందుకంటే యుద్ధం తర్వాత చాలా ఏళ్ళపాటు ఆ దేశం మొత్తానికి ఒకే ఒక్క మానసిక వైద్యుడు ఉండేవాడు, రాజధాని ఫ్రీటౌన్‌లోని కిస్సీ మానసిక ఆసుపత్రి ఒక్కటే దిక్కు. బెటన్‌కోర్ట్ బృందం కూడా అక్కడి మామూలు మనుషులకే శిక్షణ ఇచ్చి యువతీయువకులతో గుంపుగా కూర్చుని చేసే కార్యక్రమం తయారుచేసింది. కోపం వచ్చినప్పుడు ఊపిరిమీద ధ్యాస పెట్టడం, సమస్యని ముక్కలుగా విడదీయడం, గొడవ పడకుండా మాట్లాడటం, ఇలాంటివి నేర్పుతారు. 2014లో వచ్చిన ఫలితాల ప్రకారం అందులో పాల్గొన్నవాళ్ళు భావోద్వేగాల్ని అదుపులో పెట్టుకోవడంలోనూ రోజువారీ పనుల్లోనూ మెరుగయ్యారు, తర్వాత బడిలో నిలబడింది కూడా వాళ్ళే ఎక్కువ.

చేయకూడని పనుల గురించీ చెప్పుకోవాలి, ఎందుకంటే మంచి ఉద్దేశంతో జరిగే చెడు తక్కువేమీ కాదు. సంఘటన జరగ్గానే ఒక్కసారి కూర్చోబెట్టి అంతా కక్కించేస్తే తేలికపడతారని ఒకప్పుడు బలంగా నమ్మేవాళ్ళు. దానివల్ల మేలు జరగదని, కొందరికి కీడు కూడా జరుగుతుందని తేలాక ప్రపంచ ఆరోగ్య సంస్థ దాన్ని వద్దంటోంది. పైన చెప్పిన తాడు పద్ధతికీ దీనికీ పోలికే లేదు: అది రోజుల తరబడి, ఒకే మనిషితో, పిల్లాడి వేగంతో సాగుతుంది, మధ్యలో వదిలేయదు. ఇక కెమెరాల ముందు, విరాళాలిచ్చేవాళ్ళ ముందు పిల్లలచేత తమ కథ చెప్పించడం, "బాంబు పడ్డ రోజు బొమ్మ గీయి" అనడం, గీశాక ఆ కాగితం తీసుకుని వెళ్ళిపోవడం, వీటిని ఏ మాటలతో సమర్థించినా దోపిడీయే. చెప్పాలనిపించినప్పుడు వినేవాళ్ళు ఉండాలి, చెప్పాలనిపించనప్పుడు అడిగేవాళ్ళు ఉండకూడదు. శిబిరాల్లో పెట్టే ఆటస్థలాలు మంచివే, పిల్లలకి కొన్ని గంటలు ప్రమాదం లేని చోటు దొరుకుతుంది, అయితే వాటివల్ల వచ్చే మేలు కొన్ని నెలలకే తగ్గిపోతోందని చూసినవాళ్ళు చెబుతున్నారు. వాటిని పెట్టి ఫొటోలు దిగి పని అయిపోయిందనుకుంటేనే ఇబ్బంది.

పిల్లల గురించి మాట్లాడుతూ తల్లిని మర్చిపోవడం ఇంకో పొరపాటు. రెండో ప్రపంచ యుద్ధంలో లండన్ మీద బాంబులు పడుతుంటే ఆనా ఫ్రాయిడ్, డొరోతీ బర్లింగ్‌హామ్ అనే ఇద్దరు పిల్లల మనోవిశ్లేషకులు ఆ నగరంలోని హాంప్‌స్టెడ్‌లో శిశు సంరక్షణ కేంద్రాలు నడిపారు. బాంబుల మధ్యైనా అమ్మ దగ్గరే ఉన్న చిన్నపిల్లలకన్నా, క్షేమంగా ఉండాలని అమ్మకు దూరంగా పంపేసిన పిల్లలే ఎక్కువ కలత చెందడం వాళ్ళు గమనించారు. యాభై అరవై ఏళ్ళ తర్వాత బోస్నియా యుద్ధంలో ఇల్లు వదిలి వచ్చిన 87 మంది తల్లులతో రాగ్నిల్డ్ డైబ్డాల్ అనే నార్వే పరిశోధకురాలు ఇంకో అడుగు ముందుకెళ్ళారు. అందరి పిల్లలకీ వైద్యం అందింది. వాళ్ళలో కొందరు తల్లుల్ని మాత్రం ఐదు నెలలపాటు వారం వారం గుంపుగా కూర్చోబెట్టి, తమ బాధ పంచుకోవడం, పిల్లలతో ఎలా మెలగాలి అన్నవాటిమీద మాట్లాడించారు. ఆ తల్లుల మనసు కుదుటపడింది, వాళ్ళ పిల్లల బరువు కూడా మిగతావాళ్ళకన్నా ఎక్కువ పెరిగింది. అందరికీ అందిన వైద్యం తప్ప ఆ పిల్లలకు నేరుగా అదనంగా చేసింది ఏమీ లేదు. తల్లి రాత్రంతా ఏడుస్తూ, పగలంతా శూన్యంలోకి చూస్తూ ఉంటే ఏ ఆటస్థలమూ ఆ పిల్లని కాపాడదు. కాబట్టి తల్లికి నాలుగు రాళ్ళు సంపాదించుకునే దారి, మాట్లాడుకునే నలుగురు మనుషులు దొరికితే అది పిల్ల చికిత్సలో భాగమే.

ఇదంతా ఎక్కడో ఆఫ్రికా సంగతి, యూరప్ సంగతి అనుకోవడానికి తెలుగు రాష్ట్రాల్లో ఉన్నవాళ్ళకు వీల్లేదు. 2005లో ఛత్తీస్‌గఢ్‌లోని బస్తర్‌లో, మావోయిస్టులకు వ్యతిరేకంగా ప్రభుత్వ అండతో నడిచిన సల్వాజుడుం మొదలయ్యాక ఊళ్ళు తగలబడి వేలాది గుత్తికోయ ఆదివాసీ కుటుంబాలు సరిహద్దు దాటి ఖమ్మం, వరంగల్, గోదావరి జిల్లాల అడవుల్లోకి వచ్చాయి. ఇప్పటికీ భద్రాద్రి కొత్తగూడెం, ములుగు అడవుల్లో వాళ్ళ ఆవాసాలున్నాయి. ఆ ఘర్షణలో మావోయిస్టులు బాల సంఘాల పేరుతోనూ, ఇంకోవైపు ప్రత్యేక పోలీసు అధికారుల పేరుతోనూ మైనర్లను వాడుకున్నారని హ్యూమన్ రైట్స్ వాచ్ 2008లోనే నివేదిక ఇచ్చింది. సల్వాజుడుం రాజ్యాంగ విరుద్ధమని సుప్రీంకోర్టు 2011 జులైలో చెప్పింది. ఇల్లు కాలిపోతుంటే చూసి వచ్చిన పిల్లలకు ఇక్కడ ఏం దొరికిందో పైన చెప్పిన కొలతతోనే చూడండి. అటవీ శాఖ గుడిసెలు కూల్చేసిన సందర్భాలు ఒకటి రెండు కావు, అంటే కాలిన ఇల్లు చూసిన కళ్ళే కూలిన ఇల్లూ చూశాయి. కుల ధ్రువీకరణ పత్రం దొరకదు, దాంతో చదువు ఒక మెట్టు దగ్గర ఆగిపోతుంది. ఇంట్లో కోయ మాట, బడిలో తెలుగు పుస్తకం. వీళ్ళకి మానసిక వైద్యుణ్ణి పంపించే ముందు చేయాల్సినవి చాలా ఉన్నాయి: కూల్చబోమని నమ్మదగిన హామీ ఉన్న ఒక ఇల్లు, వాళ్ళ భాష వచ్చిన ఒక టీచరు, ఒక కాగితం. ఇవి మానసిక ఆరోగ్యంలోకి రావని ఏ శాఖ అన్నా అది తప్పించుకోవడమే.

విపత్తుల్లో, యుద్ధాల్లో మానసిక ఆరోగ్యం గురించి 2007లో ఐక్యరాజ్యసమితి సంస్థలు, స్వచ్ఛంద సంస్థలు కలిసి తెచ్చిన మార్గదర్శకాలు చెప్పేదీ ఇదే, వాటిలో సాయాన్ని ఒక పిరమిడ్‌లా చూపారు. అడుగున అందరికీ భద్రత, తిండి, నీడ. దానిమీద కుటుంబం, ఊరు, బడి. ఆ పైన కొందరికి శిక్షణ పొందిన స్థానికుల సాయం. కొసన కొద్దిమందికి నిపుణుల చికిత్స. నిధులిచ్చేవాళ్ళకు కొస మీద మోజెక్కువ, అక్కడ తలలు లెక్కపెట్టడం తేలిక.

అడుగే లేనిచోట ఏం చేయాలన్నది అన్నిటికన్నా కష్టమైన ప్రశ్న. గాజాలో దాదాపు పిల్లలందరికీ మానసిక ఆసరా కావాలని, 17 వేలమంది పిల్లలు తల్లిదండ్రులు లేకుండానో వాళ్ళనుంచి విడిపోయో ఉన్నారని యూనిసెఫ్ 2024 ఫిబ్రవరిలో అంచనా వేసింది. బాంబు పడటం ఆగని చోట అలారం మోగడం రోగం కాదు, అది పిల్లని బతికించే తెలివి. అక్కడ చికిత్స పేరుతో చేయగలిగింది కొంచెమే: పిల్లని తనవాళ్ళ దగ్గరే ఉంచడం, విడిపోతే పేరు, ఊరు రాసిపెట్టి వెతకడం, టెంటులోనైనా ఒక బడి నడపడం, తల్లిని కూలిపోకుండా పట్టుకోవడం. మిగతాదంతా యుద్ధం ఆపేవాళ్ళ చేతుల్లో ఉంది. బాంబులు వేయనిస్తూ కౌన్సెలర్లకు డబ్బు పంపే ప్రభుత్వాలు ఈ పిల్లలకు సాయం చేస్తున్నామని చెప్పుకోకూడదు.

సియెర్రా లియోన్ అధ్యయనం ఇంకా ముగియలేదు. 2002లో పిల్లలుగా మాట్లాడినవాళ్ళు ఇప్పుడు అమ్మలు, నాన్నలు. పరిశోధకులు వాళ్ళ భర్తల్ని, భార్యల్ని, కన్నబిడ్డల్ని కూడా కలుస్తున్నారు, ఆ కోపం, ఆ దిగులు ఇంట్లో తర్వాతి తరానికి చేరుతున్నాయా, చేరితే ఎక్కడ ఆపొచ్చు అని. ఆ దేశంలో కుష్ అనే మత్తుమందు కుర్రకారుని పీల్చి పిప్పి చేస్తుంటే 2024 ఏప్రిల్‌లో అధ్యక్షుడు బియో జాతీయ అత్యవసర పరిస్థితి ప్రకటించాల్సి వచ్చింది. వాళ్ళలో యుద్ధం తర్వాత పుట్టినవాళ్ళు చాలామందే ఉన్నారు. పని లేదు, చదువు మధ్యలో ఆగింది, చికిత్సకు పడకలు లేవు. పిల్లల కోసం పెట్టిన పథకాలు చాలావరకు శాంతి వచ్చిన కొన్నేళ్ళకే డబ్బు ఆగిపోయి మూతపడ్డాయి. బెటన్‌కోర్ట్ బృందం మాత్రం తన కార్యక్రమాన్ని కుర్రాళ్ళకు ఉపాధి నేర్పే శిక్షణతో కలిపి నడుపుతూ వచ్చింది, ఎందుకంటే కోపం అదుపులో పెట్టుకోవడం నేర్చుకున్న కుర్రాడికి మర్నాడు పొద్దున వెళ్ళడానికి ఒక పని కూడా ఉండాలి.